కుచ్చిళ్లు కుదిరిన రోజు

*నిన్నటిదాకా ఆడపిల్లకు హద్దులు గీసిన చీరే ఇవాళ బెరుకు పోగొడుతోంది. కోనసీమ కాలేజీల్లో, బడుల్లో కనబడుతున్న ఈ మార్పు ఎక్కణ్నుంచి వచ్చింది?*

సంక్రాంతి సెలవులకు ముందురోజు అమలాపురంలోనో, రాజోలులోనో, కొత్తపేటలోనో ఏ డిగ్రీ కాలేజీ గేటు దగ్గర నిలబడినా ఒకటే సందడి. ఆర్టీసీ బస్సు వచ్చి ఆగుతుంది. రోజూ పుస్తకాల సంచి గుండెకు హత్తుకుని, గోడవారగా తల దించుకుని నడిచిపోయే అమ్మాయిలు ఆవేళ ఒక చేత్తో కుచ్చిళ్లు ఎత్తిపట్టుకుని, రెండో చేత్తో కమ్మీ పట్టుకుని ఒక్కో మెట్టూ చూసుకుంటూ దిగుతారు. ఒంటి మీద అమ్మ పెళ్లినాటి పట్టుచీర. అక్క జాకెట్టు వదులైతే రాత్రికి రాత్రి పక్కకుట్లు వేసి బిగించి ఉంటారు. జడలో ఇంటి పెరట్లో కోసిన చామంతులు. ఒకమ్మాయి పైట జారబోతుంటే పక్కనున్న స్నేహితురాలు పెదాల మధ్య పట్టుకున్న పిన్నీసు తీసి భుజం దగ్గర గుచ్చుతుంది. గేటు దగ్గర వాచ్‌మన్ లేచి నిలబడి, "ఎవరు కావాలండీ?" అని అడుగుతాడు. "నేనే బాబాయ్, సెకండియర్" అంటే, "ఆయ్, పోల్చుకోలేకపోయానమ్మా" అని నవ్వేస్తాడు. మధ్యాహ్నం ముగ్గుల పోటీ ఫలితాలు చదవాల్సి వస్తుంది. ఏడాది పొడవునా క్లాసులో హాజరు పలకడానికే గొంతు పెగలని పిల్ల, ఆవేళ మైకు అందుకుంటుంది.

ఏటా, కాలేజీ కాలేజీకీ ఇలాంటివి కనబడుతూనే ఉన్నాయి. ఫోన్లలో తిరిగే వీడియోల్లోనూ ఇదే మాట: చీర కట్టుకున్నాక నాకే నేను కొత్తగా కనిపించాను, నలుగురిలో మాట్లాడగలిగాను అని. దీన్ని చూసి పెద్దవాళ్లు మురిసిపోతున్నారు, మన కట్టూబొట్టూ మహిమ అదీ అంటున్నారు. మరికొందరు పెదవి విరుస్తున్నారు, ఇదంతా ఫొటోల మోజు, నాలుగు లైకుల కోసం నాలుగు గంటల అలంకారం అంటున్నారు. రెండు మాటలూ అసలు సంగతిని తాకడం లేదు. చీరలోనే మహిమ ఉంటే, పుట్టింట్లోనూ అత్తింట్లోనూ జీవితాంతం చీర తప్ప మరొకటి ఎరగని అమ్మమ్మలందరూ ఊరి రచ్చబండ మీద కూర్చుని తీర్పులు చెప్పి ఉండాలి. అలా జరగలేదు. ఉత్త ఫొటోల మోజే అయితే, ఫొటోలు తీయడం అయిపోయాక ఆ ధైర్యమూ మాయమైపోవాలి. అలానూ జరగడం లేదు. గుడ్డ అదే, పొడవూ అదే, కట్టే పద్ధతీ దాదాపు అదే. మారిందల్లా ఆ చీర అమ్మాయి ఒంటి మీదకి ఎలా వస్తోందన్నదే. ఒకప్పుడు ఎవరో చుట్టబెడితే వచ్చేది. ఇప్పుడు తను ఎంచుకుంటే, తను నేర్చుకుంటే, నలుగురి మధ్య తను నిలబడితే వస్తోంది. ఈ మూడూ కలిసినచోట చీర ధైర్యమవుతోంది. ఏ ఒక్కటి తప్పిపోయినా అది మళ్లీ పాత బరువే అవుతోంది.

ఓణీ వేసిన రోజు

ఒకప్పుడు కోనసీమ ఆడపిల్ల బట్టల్లో మూడు మెట్లుండేవి. చిన్నతనంలో పరికిణీ, ఈడొచ్చాక ఓణీ, పెళ్లితో చీర. ఒక్కో మెట్టు ఎక్కేకొద్దీ బట్ట పెరిగేది, తిరిగే చోటు తగ్గేది. ఓణీ వేశారంటే వీధిలో తొక్కుడుబిళ్ల ఆగిపోయినట్టే. కాలవలో ఈతలు, కొబ్బరితోటల్లో పరుగులు అక్కడితో సరి. చాలా ఇళ్లలో బడి కూడా అక్కడితోనే సరి. ఇక చీర అనేది మెడలో పసుపుతాడుతో పాటు వచ్చేది. ఏ రంగు, ఏ అంచు, ఎప్పుడు, ఎవరి కోసం అన్న మాటల్లో ఆ పిల్ల ప్రమేయం ఉండేది కాదు. అందుకే ఆ తరం ఆడవాళ్లను మొదటిసారి చీర కట్టిన రోజు గురించి అడిగితే ధైర్యం ఊసు రాదు. ఆ రోజు నుంచి ఏమేం మానేయాల్సి వచ్చిందో ఆ జాబితా వస్తుంది.

అయితే ఆ ఏర్పాటులో ఒక శిక్షణ దాగి ఉండేది. ఓణీ చెంగు భుజం మీద నిలుపుకోవడం, పనిలోకి దిగేటప్పుడు నడుముకు బిగించడం, సైకిలు వెనక కూర్చున్నప్పుడు ఒడిలోకి లాక్కోవడం నాలుగైదేళ్లపాటు అలవాటయ్యేవి. పెళ్లినాటికి చీర కొత్తగా అనిపించేది కాదు. 1990ల నుంచి పంజాబీ డ్రెస్సు ఊళ్లలోకి వచ్చింది. కాలేజీ బస్సులకీ, సైకిళ్లకీ, తర్వాత స్కూటీలకీ అదే సులువు. రోజువారీ ఓణీ చూస్తుండగానే కనుమరుగై, ఫ్లెక్సీలు, వీడియోలు, విందు భోజనాలతో చేసే ఒక్కరోజు వేడుకగా మిగిలింది. దాంతో హద్దులతో పాటు శిక్షణా పోయింది. ఇవాళ పంతొమ్మిదేళ్ల అమ్మాయికి చీర ఒక్కసారిగా, అదీ అందరి కళ్లముందే ఎదురవుతోంది. కట్టుకోకపోతే అడిగేవాళ్లు లేరు, కట్టుకుంటే నిభాయించుకోవాల్సింది తనే. ఆ కష్టంలోంచే ఈ ధైర్యం వచ్చింది. అమ్మకు అలవాటుగా వచ్చినది కూతురికి ఒక పరీక్షగా వచ్చింది. పరీక్ష గనకే నెగ్గితే సంబరం.

గడప దాటించిన కట్టు

చీర మీద ఆడవాళ్లు తమ నిర్ణయం చెలాయించినప్పుడల్లా అది వాళ్లను బయటికి నడిపించిందనడానికి చరిత్రలో సాక్ష్యాలున్నాయి. ఇవాళ మనం అనాది సంప్రదాయమని అనుకునే జాకెట్టు, లోపలి పావడా, ఎడమ భుజం మీద పైట కలిసిన కట్టుకు ఈ రూపం రావడానికి పందొమ్మిదో శతాబ్దపు ఆడవాళ్ల అవసరమే పెద్ద కారణం. బెంగాల్లో ఠాగూర్ల ఇంటి కోడలు జ్ఞానదానందినీ దేవి (1850–1941) అంతఃపురం దాటి ఎరగని పిల్ల. భర్త సత్యేంద్రనాథ్ ఐసీఎస్‌కు ఎంపికైన తొలి భారతీయుడు. ఆయన ఉద్యోగరీత్యా 1860లలో బొంబాయి వెళ్లాల్సి వచ్చినప్పుడు ఆమెకు ఎదురైన మొదటి చిక్కు బట్టలదే. లోపల జాకెట్టు లేకుండా ఒంటిచుట్టూ చుట్టుకునే అప్పటి బెంగాలీ చీరతో నలుగురిలోకి రావడం కుదరదు. ఆమె పార్సీ స్త్రీల పద్ధతిని చూసి నేర్చుకుని, తనకు తగ్గట్టు మార్చుకుని, జాకెట్టూ పావడా జతచేసింది. 1871లో 'బామాబోధినీ పత్రిక' ద్వారా ఈ కట్టు మిగతా ఆడవాళ్లకూ నేర్పుతానని ప్రకటించింది. సిగ్గుతో ముడుచుకున్న ఒక యువతి తన బట్టను తనే తీర్చిదిద్దుకుని వైస్రాయి విందుకు వెళ్లగలిగింది. ఆ ధైర్యాన్ని ఇంకొకరికి నేర్పడానికీ సిద్ధపడింది. చీర అప్పటికి ఎన్నో శతాబ్దాల నుంచీ ఉంది. ఆమె దాన్ని తన చేతుల్లోకి తీసుకున్నాకే అది గడప దాటించింది.

గోదావరి జిల్లాల్లోనూ అలాంటి ఘట్టం ఒకటుంది. కోనసీమకు గౌతమి అవతలి ఒడ్డునున్న ద్రాక్షారామంలో 1880లో పుట్టిన దువ్వూరి సుబ్బమ్మ బాల్యవితంతువు. ఆ కాలపు లెక్కన ఆమె ఏం కట్టాలో, ఎక్కడ కూర్చోవాలో, ఎవరికి కనబడకూడదో అన్నీ ఇతరులే నిర్ణయించేశారు. సహాయ నిరాకరణోద్యమంలో ఖద్దరు కట్టి సభల్లో మాట్లాడిన ఆమె 1922లో జైలుకు వెళ్లింది. తెలుగునాట జాతీయోద్యమంలో జైలుకెళ్లిన తొలి మహిళగా ఆమెను చెప్పుకుంటాం. వైధవ్యం పేరిట కప్పిన బట్టకూ, ఉద్యమం కోసం కట్టిన ఖద్దరుకూ పైకి పెద్ద తేడా కనబడదు. కానీ మొదటిది ఆమెను మూల గదికి పంపింది, రెండోది వేదిక ఎక్కించింది. దక్షిణాన తిరువాన్కూరులో నాడార్ స్త్రీలు ఛాతీ మీద బట్ట వేసుకునే హక్కు కోసం దశాబ్దాలు పోరాడి 1859లో సాధించుకున్న సంగతి కూడా దీనికి తోడు చేర్చుకోవాలి. ఏ బట్టలో ఆత్మగౌరవం ఉందన్నది ఆ బట్ట గురించి ఎవరు తేల్చారన్న దాన్నిబట్టే ఉంటుంది.

---

ఆరు గజాల లెక్క

• మామూలు చీర పొడవు సుమారు అయిదున్నర మీటర్లు. జాకెట్టు గుడ్డతో కలిపితే ఆరు మీటర్లు దాటుతుంది. పాతకాలపు గోచీ కట్టుకు తొమ్మిది గజాలు కావాలి.

• దేశమంతా తిరిగి చీర కట్టు పద్ధతులను నమోదు చేసిన ఋతా కపూర్ చిష్తీ వందకు పైగా రకాలను లెక్కగట్టారు.

• గోదావరి జిల్లాల్లో పేరున్న ఉప్పాడ జమ్దానీకి 2009లో భౌగోళిక గుర్తింపు దక్కింది.

• 1905 ఆగస్టు 7న మొదలైన స్వదేశీ ఉద్యమానికి గుర్తుగా 2015 నుంచి ఆ తేదీని జాతీయ చేనేత దినోత్సవంగా జరుపుతున్నారు.

• అదే 2015లో బెంగళూరుకు చెందిన ఇద్దరు స్నేహితురాళ్లు ఏడాదిలో వందసార్లు చీర కట్టాలని ఒప్పందం చేసుకుని, ఒక్కో చీర వెనక కథ రాయడం మొదలుపెట్టారు. దేశవిదేశాల్లో వేలమంది జత కలిశారు.

• 2017 ఆగస్టులో హైదరాబాద్ మారథాన్‌లో జయంతి సంపత్ కుమార్ 42 కిలోమీటర్లూ చీరలోనే పరుగెత్తారు.

---

చేతికి పట్టుబడే విద్య

చొక్కాకు గుండీలున్నాయి, చుడీదారుకు నాడా ఉంది. ఆ రెంటికీ ఆకారం దర్జీ ఇచ్చేశాడు, మనం లోపల దూరితే చాలు. చీరకు ఆకారం లేదు. పరిస్తే నేల మీద పొడవాటి గుడ్డ. కుడి నడుం దగ్గర దోపడం, చుట్టూ ఒక వరస తిప్పడం, పైట పొడవు కొలుచుకోవడం, మిగిలిన గుడ్డను వేళ్ల మధ్య అయిదో ఆరో కుచ్చిళ్లుగా మడిచి బొడ్డు దగ్గర దోపుకోవడం, అన్నీ ప్రతిసారీ కొత్తగా చేయాల్సిందే. అద్దంలో చూసుకుంటే ఒక కుచ్చి పొడవు, ఒకటి పొట్టి. విప్పి మళ్లీ మొదలు. మొదటిసారి గంట పడుతుంది, అమ్మ రెండు చేతులూ కావాలి. మూడోసారికి అరగంట. పదోసారికి అద్దం కూడా అక్కర్లేదు. నోటితో పొగిడితే వచ్చే ధైర్యానికి పునాది ఉండదు. రానిది వచ్చిందని తన చేతులకే తెలిసినప్పుడు కలిగే నమ్మకాన్ని ఎవరూ కదపలేరు. ఈత వచ్చినవాళ్లకు నీళ్లంటే భయం పోయినట్టే ఇదీను.

ఈ నేర్చుకోవడంలో అసలు మలుపు కట్టుకోవడం పూర్తయ్యాకే వస్తుంది. బయటికి అడుగుపెట్టగానే కొత్తగా కట్టినవాళ్లందరికీ ఒకటే భయం, ఊడిపోతుందేమో అని. ముకులికా బెనర్జీ, డేనియల్ మిల్లర్ 2003లో రాసిన 'ద శారీ' అనే పుస్తకంలో భారతీయ స్త్రీల తొలి చీర అనుభవాలను శ్రద్ధగా పరిశీలించారు. ఆ భయం వల్ల, చీర కట్టినంతసేపూ అమ్మాయి తన ఒంటిని తనే గమనించుకుంటూ ఉండాలి. అడుగు ఎంత వేయాలి, మెట్టెక్కేటప్పుడు ఏ చెయ్యి ఖాళీగా ఉంచుకోవాలి, కూర్చుంటే కుచ్చిళ్లు ఎటు సర్దాలి అన్నీ చూసుకోవాలి. బెరుకున్న అమ్మాయి సమస్య కూడా ఇదే, తన ఒళ్లు తనకు పరాయిగా తోచడం. భుజాలు ముడుచుకుంటాయి, చూపు నేల మీదకి పోతుంది. వంగి నడిస్తే పైట జారుతుంది, తడబడితే కుచ్చి కాలికి తగులుతుంది. అందుకని చీర తనంతట తానే వెన్ను నిలబెట్టిస్తుంది. కాలేజీలో కట్టిన చీరే కనుమనాడు జగ్గన్నతోట ప్రభల తీర్థంలో మళ్లీ కనబడుతుంది. వేలమంది తొక్కిడిలో, తోటల మధ్య గట్ల మీద ఆ చీరతోనే నడవాలి. ఆ రెండోసారికే నడకలో తొట్రుపాటు తగ్గిపోయి ఉంటుంది.

మరి ముందే కుచ్చిళ్లు కుట్టేసి, కొక్కెం తగిలిస్తే చాలన్నట్టు అమ్మే రెడీమేడ్ చీరల సంగతేమిటని అడగొచ్చు. శుభకార్యాలకు ఇంటికొచ్చి చీర కట్టిపెట్టేవాళ్లకు ఇప్పుడు మంచి గిరాకీ. పెళ్లికూతురికి ఆ సాయం అవసరమే, ఉద్యోగానికి ఉరుకుల పరుగుల మీద వెళ్లేవాళ్లకు కుట్టిన చీర సుఖమే. దాన్ని తప్పు పట్టనక్కర్లేదు. అయితే ఇంకొకరు కట్టిపెట్టిన చీర ఇచ్చే అందం వేరు, తను కట్టుకున్న చీర ఇచ్చే నిబ్బరం వేరు. మొదటిది ఫొటోలో ఉంటుంది. రెండోది, మధ్యాహ్నం కుచ్చిళ్లు వదులైతే బాత్రూములోకి వెళ్లి అయిదు నిమిషాల్లో సర్దుకుని నవ్వుతూ బయటికి రావడంలో ఉంటుంది.

నల్లబల్ల ముందు

ఈ మార్పు పండుగ పూటలకే పరిమితమైతే ఇంత చర్చ అక్కర్లేదు. దీని నిజమైన పరీక్ష బడి గదిలో జరుగుతోంది. డీఎడ్, బీఎడ్ చదివే అమ్మాయిలు టీచింగ్ ప్రాక్టీసుకు సాధారణంగా చీరలోనే వెళతారు. ఇరవై ఇరవై ఒకటేళ్ల వయసు, ఎదురుగా తొమ్మిదో తరగతి పిల్లలు. వాళ్లలో కొందరు తనకన్నా పొడుగు. చుడీదారులో వెళితే అక్కలా కనబడి అల్లరి మొదలవుతుందని, చీరలో వెళితే గది సర్దుకుంటుందని ఈ శిక్షణలో ఉన్నవాళ్లు తరచూ చెప్పే మాట. 2025 ఏప్రిల్‌లో 16,347 టీచరు పోస్టులకు మెగా డీఎస్సీ ప్రకటన వెలువడింది. ఆ వరసలో కొత్తగా బళ్లలో అడుగుపెట్టిన యువతులు ఎందరికో మొదటి జీతంతో పాటే రోజువారీ చీర కూడా మొదలైంది. లంక గ్రామాల బడులకు పంటు మీద నది దాటి, గట్టు మీద నడిచి వెళ్లే టీచరమ్మకు చీర అలంకారం అనిపించదు. అది తన పనికి తొడుక్కున్న గుర్తు.

బట్ట మనసును మారుస్తుందా అన్న ప్రశ్న మీద పరిశోధనలూ జరిగాయి. 2012లో అమెరికాలో హాజో ఆడమ్, ఆడమ్ గాలిన్‌స్కీ అనే ఇద్దరు పరిశోధకులు ఒకే తెల్లకోటును కొందరికి డాక్టరు కోటని, మరికొందరికి పెయింటరు కోటని చెప్పి తొడిగించారు. డాక్టరు కోటనుకున్నవాళ్లు ఏకాగ్రత పరీక్షల్లో మెరుగ్గా నిలిచారని ప్రకటించారు. 2019లో వేరే బృందం ఇంకా ఎక్కువమందితో అందులో ఒక ప్రయోగాన్ని తిరిగి చేస్తే ఆ ఫలితం రాలేదు. కాబట్టి కట్టుకోగానే మెదడులో మీట నొక్కినట్టు ధైర్యం వస్తుందని ఎవరైనా అంటే నమ్మనక్కర్లేదు. కానీ ఆ ప్రయోగం ఆలోచనలో ఒక కిటుకుంది. గుడ్డ ఒక్కటే, దానికి మనం తగిలించే అర్థం వేరు. కోనసీమలో చీర అర్థం చుట్టూ ఉన్నవాళ్ల పలకరింపులో తెలిసిపోతుంది. నిన్న "ఏమ్మాయ్, చిల్లర తియ్" అన్న కండక్టరు ఇవాళ "ఎక్కడికండీ" అంటాడు. షాపులో కుర్చీ చూపిస్తారు. ఆఫీసు గుమాస్తా తలెత్తి చూస్తాడు. వరసగా పదిమంది 'అండి' అని పిలిచాక ఎంత బెరుకున్న పిల్లకైనా తన మాటకు విలువుందన్న ఊహ కలుగుతుంది. ఆ ఊహతోనే నోరు తెరుస్తుంది.

---

మొదటిసారి కట్టేవాళ్లకు

• పట్టు జారుతుంది, షిఫాన్ ఇంకా జారుతుంది. గంజి పెట్టిన నూలు చీర చెప్పినట్టు వింటుంది, నేర్చుకోవడానికి అదే మేలు.

• ఫాల్ కుట్టించాకే కట్టాలి. ఆ బరువుతోనే కుచ్చిళ్లు నిలుస్తాయి.

• ఆ రోజు వేసుకోబోయే చెప్పులు తొడుక్కుని, ఆ ఎత్తుకు తగ్గట్టే అంచు కొలుచుకోవాలి.

• పావడా నాడా బిగువే చీరకు ఆధారం. భుజం దగ్గర ఒక పిన్నీసు, కుచ్చిళ్ల దగ్గర ఒకటి చాలు. ఎక్కువైతే గుడ్డ చిరుగుతుంది.

• ముందురోజు ఇంట్లో గంటసేపు కట్టుకుని మెట్లెక్కి దిగాలి, బాసింపట్టు వేసి కూర్చుని లేవాలి.

• బండి ఎక్కేముందు పైట చెంగు ఒడిలోకి చుట్టుకోవాలి. బండి వెనక చక్రాన్ని సగానికి తగ్గకుండా మూసే రక్షణ ఉండాలని 1989 నాటి కేంద్ర మోటారు వాహనాల నిబంధనల్లో 123వ నిబంధన చెబుతోంది. అందం కోసమని శారీ గార్డు తీయించేస్తే ప్రాణం మీదికి వస్తుంది.

---

మగ్గం పక్కనే కాలేజీ

అమలాపురాన్ని ఆనుకునే బండారులంక ఉంది. అక్కడి నూలు చీరలకు తరతరాల పేరు. చీర కట్టుకుని మురిసే అమ్మాయిల కాలేజీకీ, ఆ చీర నేసే మగ్గానికీ మధ్య ఆటోలో కాస్త దూరం. అయినా వీళ్లలో ఎక్కువమంది ఆ మగ్గం చూసి ఉండరు. కట్టేది ఎక్కడో సూరత్ మిల్లు చీర, ఆన్‌లైన్‌లో తెప్పించినది. గుంట మగ్గంలో కాళ్లు దించి కూర్చుని, పడుగులోకి పేక విసిరి, ఒక చీర పూర్తి చేయడానికి రోజులు పడతాయి. ఆ రోజుల వెనక ఇంటి ఆడవాళ్లు కండెలు చుట్టిన గంటలున్నాయి. 2019–20 చేనేత గణన ప్రకారం దేశంలో నేతా, దాని అనుబంధ పనులూ చేసే సుమారు 35 లక్షల మందిలో 70 శాతానికి పైగా ఆడవాళ్లే. చీర ఆత్మవిశ్వాసానికి గుర్తని చెప్పుకునేటప్పుడు, దాన్ని చేసిన చేతుల ఆత్మవిశ్వాసం సంగతీ ఆలోచించక తప్పదు. మిల్లు చీర చవకగా వస్తుంటే నేతగాడి కూతురు మగ్గం వదిలి చీరల షాపులో సేల్స్‌గర్ల్‌గా చేరుతోంది.

దీనికి మొహమాటపడే అమ్మాయితో సంబంధం లేదనుకోవద్దు. ఏ నూలు, ఎన్నో నంబరు, రంగు నిలుస్తుందా, అంచు నేసిందా కుట్టిందా అని అడిగి, వేళ్ల మధ్య గుడ్డ నలిపి చూసి, ధర తేల్చుకుని కొనడం కూడా ఒక విద్యే. మగ్గం దగ్గరికే వెళ్లి కొన్న పిల్లకు ఆ చీర గురించి చెప్పడానికి నాలుగు ముక్కలుంటాయి. ఎవరైనా "బాగుందండీ, ఎక్కడ తీసుకున్నారు?" అంటే సిగ్గుపడి తల వంచుకోదు, బండారులంక కబురు చెబుతుంది. వందసార్లు చీర కట్టాలన్న బెంగళూరు ఒప్పందం అన్ని వేలమందిని కదిలించడానికి కారణం కూడా అదే. వాళ్లు చీర కట్టి ఊరుకోలేదు, దాని కథ చెప్పారు. మాట పెగలనివాళ్లకు చెప్పడానికో సంగతి దొరకడం చాలా పెద్ద ఆసరా.

అడగాల్సిన ప్రశ్నలు

ఈ వాదనకు ఎదురయ్యే అభ్యంతరాల్లో మొదటిది బలమైనది. చీర ధైర్యమిస్తుందని మనం ఇంతగా పొగిడితే రేపు ఎవరో ఒకరు దాన్ని అందరికీ తప్పనిసరి చేయరా? చేస్తారు, చేస్తూనే ఉన్నారు. మహిళా అధ్యాపకులు చీరే కట్టాలని కేరళలో కొన్ని కాలేజీలు పట్టుబడితే, 2021 నవంబరులో ఆ రాష్ట్ర ఉన్నత విద్యాశాఖ అలాంటి నిర్బంధం చెల్లదని ఉత్తర్వు ఇవ్వాల్సి వచ్చింది. అదే ఏడాది సెప్టెంబరులో ఢిల్లీలో ఒక రెస్టారెంటు చీర కట్టుకొచ్చిన మహిళను లోపలికి రానివ్వలేదన్న వీడియో దుమారం రేపింది. ఒకచోట కట్టి తీరాలన్నారు, ఇంకోచోట కట్టుకొస్తే కుదరదన్నారు. రెండింటా ఆడమనిషి నిర్ణయాన్ని ఇంకొకరు లాగేసుకున్నారు. చీర మేలంతా ఆ నిర్ణయం మీద ఆధారపడి ఉందన్నదే మన వాదన గనక, నిర్బంధాన్ని సమర్థించడానికి దీన్ని వాడుకోవడం కుదరదు. తప్పనిసరి చేసిన మరుక్షణం అది నాయనమ్మ నాటి ఓణీ అయిపోతుంది.

రెండో అభ్యంతరం ఇంకా లోతైనది. చీరలో ఉంటే 'అండి', చుడీదారులో ఉంటే 'ఏమ్మాయ్' అనే లోకం ఆ అమ్మాయిని గౌరవిస్తున్నట్టా, ఆ గుడ్డను గౌరవిస్తున్నట్టా? ఈ ప్రశ్నకు తేలికైన జవాబు లేదు. ఆ తేడా అన్యాయమే. జీన్సు వేసుకున్నంత మాత్రాన ఒక పిల్ల మాట విలువ తగ్గకూడదు. అయినా అన్యాయమైన లోకంలోకే ఆ పిల్ల రేపు పొద్దున అడుగుపెట్టాలి. లోకం మారేదాకా ఆగమని బెరుకున్న అమ్మాయికి చెప్పడం సలహా అనిపించుకోదు. దొరికిన మెట్టు మీద కాలు మోపి పైకి వచ్చాక, ఆ మెట్టు ఎందుకు కావాల్సి వచ్చిందని గట్టిగా అడిగే గొంతు ఆమెకే వస్తుంది.

మూడోది, చీర కాళ్లకు బంధమన్నది. ఆకుమడిలో మోకాళ్లదాకా చీర ఎగ్గట్టి ఊడ్పులు ఊడ్చే ఆడవాళ్లను, అంబాజీపేట చుట్టుపక్కల కొబ్బరి పీచు పనిలో ఉన్నవాళ్లను, ఆత్రేయపురంలో పొయ్యి సెగ ముందు కుండ మీద పూతరేకులు తీసేవాళ్లను చూస్తే ఈ మాట సగమే నిజమని తెలుస్తుంది. చీరను ఎత్తి కట్టొచ్చు, దోపి కట్టొచ్చు, గోచీ పోసి కట్టొచ్చు. నేలను రాసుకునేలా కుచ్చిళ్లు దించి, పైట జారవిడిచి నడవడం ఫొటో పద్ధతి, పని పద్ధతి వేరు. అలాగని పరుగు పందేనికో, ప్రయోగశాలకో, బండి నడపడానికో చీరే సరైనదని వాదించడం మూర్ఖత్వం. ఏ పనికి ఏ బట్టో తెలియడం కూడా ఆ నిబ్బరంలో భాగమే. ఇక ఖర్చు మాటకొస్తే, ఒక్కరోజు వేడుకకు అప్పుచేసి పట్టుచీరలు, మగ్గం వర్కు జాకెట్లు కుట్టించే ధోరణి కోనసీమలో బాగానే పెరిగింది. కాలేజీ పండగనాడు అమ్మ పాత చీర కట్టొచ్చిన పిల్ల, కొత్త పట్టుచీరల మధ్య చిన్నబుచ్చుకుంటే ఆ రోజు ఆమెకు ధైర్యం ఇవ్వదు, ఉన్నది కాస్తా లాక్కుంటుంది.

అన్నిటికన్నా బరువైన సంగతి ఇంకొకటుంది. అయిదో జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే (2019–21) ప్రకారం ఆంధ్రప్రదేశ్‌లో 20–24 ఏళ్ల మహిళల్లో 29.3 శాతం మందికి పద్దెనిమిదేళ్లు నిండకముందే పెళ్లయిపోయింది. దేశ సగటు 23.3 శాతం. అంటే పదిమందిలో ముగ్గురికి చీర ఇప్పటికీ పాత దారినే, పీటల మీదే వస్తోంది. కాలేజీ మైకు దగ్గరికి కాదు, కాలేజీ మానేయడానికి వస్తోంది. ముగ్గుల పోటీనాడు మెరిసే చీరలను చూసి కాలం మారిందని సంబరపడేముందు, ఆ కాలేజీ దాకా రాని పిల్లలను లెక్కలోకి తీసుకోవాలి. వాళ్లకు కావాల్సింది చీర ఇచ్చే ధైర్యం కాదు, చీర ఇప్పుడే వద్దని చెప్పగల ధైర్యం.

ఎవరేం చేయొచ్చు

కాబట్టి కాలేజీలు సంప్రదాయ దినోత్సవం జరిపేటప్పుడు కట్టుకోవడాన్ని ఇష్టానికి వదిలేయాలి. మార్కులకీ హాజరుకీ ముడిపెట్టకూడదు. నూలు చీరలే అని నియమం పెడితే డబ్బున్న ఇంటికీ లేని ఇంటికీ తేడా చాలావరకు తగ్గుతుంది, బండారులంక చేనేత సొసైటీకి నాలుగు బేరాలూ దొరుకుతాయి. ఆ రోజు ఫొటోలతో సరిపెట్టకుండా మైకు కూడా వాళ్ల చేతికే ఇవ్వాలి. కార్యక్రమం నడపడం, అతిథులను పిలవడం, ఖర్చు లెక్క చూడడం అమ్మాయిలే చేయాలి. ఎందుకంటే చీర కుర్చీలో కూర్చోబెట్టడానికి పనికొస్తే అలంకారమే, పని అప్పజెప్పడానికి పనికొస్తేనే అది బలం. అమ్మలు చేయాల్సింది ఇంకా చిన్నది. కూతురికి చీర కట్టిపెట్టడం మానేసి, పక్కన నిలబడి నేర్పాలి. కుచ్చిళ్లు వంకరగా వస్తే రానివ్వాలి, మూడోసారికి అవే కుదురుతాయి. రేపు అదే పిల్ల ఈ చీర నాకొద్దంటే కూడా అంతే మామూలుగా వినాలి.

చివరికి ఈ ధైర్యానికి కొలబద్ద ఒకటే. పండగ అయిపోయి, చీర మడతపెట్టి బీరువాలో పెట్టాక, సోమవారం మామూలు చుడీదారులో క్లాసుకు వచ్చిన అమ్మాయి లెక్చరరును సందేహం అడగగలుగుతోందా? బస్సులో మీద పడేవాణ్ని "జరగండి" అని గదమాయించగలుగుతోందా? పద్దెనిమిది నిండకముందే సంబంధం తెస్తే నాన్నతో "నేను చదువుకుంటాను నాన్నా" అని కళ్లలోకి చూసి చెప్పగలుగుతోందా? చెప్పగలిగితే చీర తన పని తాను చేసినట్టు. చెప్పలేకపోతే ఆ పిల్ల ఇంకా ఏదో ఒక బట్ట చాటునే ఉన్నట్టు. అప్పుడు ఆమెకు కావాల్సింది ఇంకో చీర కాదు, ఆమె మాట వినే మనుషులు.